20 ఏళ్ల ఇంటి డాబా మీద 8 అంగుళాల మట్టి పోసి లాన్ వేయొచ్చా?

మీ పాత డాబా మీద ఎర్రమట్టి పోసి లాన్ వేద్దామనుకుంటే మేస్త్రి "స్లాబ్ గట్టిగుంది, ఏం కాదు" అన్నడని రాశారు కదా అన్నా, గట్టిగనే ఉండొచ్చు, కానీ ఎంత బరువుకి అన్నది లెక్క. జనం తిరిగే డాబాకి ఐఎస్ 875 అనే బిల్డింగ్ బరువుల కోడ్‌లో లైవ్ లోడ్ (వచ్చిపోయే బరువు) చదరపు మీటరుకి 150 కిలోలు, అంటే చదరపు అడుక్కి 14 కిలోలు. మీరు చెప్పిన 8 అంగుళాల ఎర్రమట్టి వానకి బాగా నానితే అడుక్కి 35 కిలోల దాకా పోతది, వెయ్యి అడుగుల డాబా అంటే 35 టన్నులు! అందరూ పొడిమట్టి బస్తా ఎత్తి చూసి అంచనా వేస్తరు, తడి బరువుతోనే వేయాలి. సేఫ్టీ ఫ్యాక్టర్ ఉంటది కదా అంటరు, అది మాల్ సరిగ్గా కలవకపోవడం లాంటి వాటికి, మన లాన్ కోసం దాచింది కాదు.

పైగా జనం ఎక్కుతరు దిగుతరు, మట్టి ఏళ్లతరబడి అట్లనే ఉంటది, అందుకే అది డెడ్ లోడ్, అంటే ఎప్పటికీ ఉండే బరువు. ఎప్పుడూ బరువు మీదుంటే కాంక్రీట్ మెల్లగా కిందికి వంగుతనే ఉంటది, వంగిన చోట నీళ్లు నిలుస్తయి, బరువు ఇంకా పెరుగుతది.

వనస్థలిపురంలో మా ఇంటికి స్ట్రక్చరల్ ఇంజినీర్‌ని పిలిస్తే పాత డ్రాయింగులు అడిగిండు, కాంక్రీట్ లోపలి కడ్డీలను పట్టే కవర్ మీటర్ అనే మిషన్‌తో స్టీల్ ఎక్కడెక్కడుందో చూసిండు, లాన్ వద్దని మొహం మీదనే చెప్పిండు. మొక్కల బెడ్లు మాత్రం బీముల మీదుగా, పిల్లర్ల దగ్గర పెట్టించిండు, గదుల నడిమి భాగం ఖాళీ, బయటికొచ్చిన బాల్కనీ స్లాబ్ మీద ఒక్క కుండీ కూడా వద్దన్నడు. మట్టి తగ్గించి కోకోపీట్ (కొబ్బరి పీచు పొడి), వర్మీకంపోస్ట్ కలిపినం, వంకాయ, టమాట, ఆకుకూరలు బాగనే వస్తున్నయి, మామిడి చెట్టు మాత్రం మా నాన్న ఎంత అడిగినా పెట్టలే.

నన్నడిగితే మట్టి కన్నా డ్రైన్ పైపు గురించే ఎక్కువ భయపడాలి. ఆకులు అడ్డం పడి 4 అంగుళాల నీళ్లు నిలిచినయంటే చదరపు మీటరుకి 100 కిలోలు, 2020 అక్టోబర్‌లో హైదరాబాద్‌లో వాన పడ్డట్టు పడితే గంటల్లోనే నిండుతది. జాలీ వేయండి, మొదటిది మూసుకుపోయినా నీళ్లు పోయేటట్టు కొంచెం ఎత్తులో ఇంకో అవుట్‌లెట్ ఎక్స్‌ట్రా పెట్టించండి. వాటర్‌ప్రూఫింగ్ చేసినంక రెండు మూడు రోజులు కొద్దిగా నీళ్లు నిలబెట్టి లీకేజీ చూడకుండా ఏదీ పెట్టకండి.

సీలింగ్ పెచ్చులు ఊడుతున్నా, తుప్పు మరకలున్నా ముందు రిపేరు, తోట సంగతి తర్వాత. డ్రాయింగులు లేకపోతే ఫోన్‌లో ఫొటోలు చూసి ఓకే చెప్పే ఇంజినీర్‌ని నమ్మకండి, ఇంటికొచ్చి టెస్టులు చేసేటోళ్లనే పిలవండి.