స్పౌజ్ పాయింట్లు కలపకుండా బదిలీ చేస్తే: సమాధానం

మీవారు కూడా ఉద్యోగంలో ఉన్నందుకు టీచర్ల బదిలీల్లో మీకు రావాల్సిన స్పౌజ్ పాయింట్లు కలపలేదు, ఏం చేయాలి అని అడిగారు. కోర్టులో నిలబడేది దూరం కాదు మేడమ్, పాయింట్ల తప్పు. అంబాజీపేట నుంచి సఖినేటిపల్లికి వేశారు, రెండు బస్సులు మారాలి అని రాశారు. దానికి స్టే (బదిలీని ఆపే కోర్టు ఉత్తర్వు) రాదు. శిల్పీ బోస్ కేసులో (అదీ బిహార్ టీచర్ల బదిలీయే) సుప్రీంకోర్టు చెప్పింది: చట్టబద్ధ నిబంధన ఉల్లంఘనో, దురుద్దేశమో ఉంటేనే జోక్యం.

1. అభ్యంతరం రాసి డీఈఓ (జిల్లా విద్యాధికారి) ఆఫీసులో ఇవ్వండి. అందరూ వదిలేసేది ఇదే. ఫోన్లో చెప్పాం, వాట్సాప్‌లో పెట్టాం అంటే లాయరు చేతిలో ఏముంటుంది? మీ కాపీ మీద స్టాంపు, తేదీ, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోండి. అమలాపురంలో మా కొలీగ్ రసీదు వానకు తడిసి అలుక్కుపోయింది, ఊదారంగు స్టాంపులో తేదీ మాత్రం మిగిలింది. ఆ తేదీయే ఆదుకుంది.

2. మీవారి సర్వీస్ సర్టిఫికెట్, సీనియారిటీ లిస్టులో మీ పేరున్న పేజీ జతచేయండి.

3. జవాబు రాకపోతే హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పిటిషన్ వేయండి. ఉద్యోగుల కేసులు విన్న రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు, అక్కడికి వెళ్లమనే పాత సలహాలు పట్టించుకోకండి.

4. దురుద్దేశం అని రాస్తే ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చాలి. ఆధారం లేకపోతే ఆ మాటే వద్దు.

5. స్టే లేకుండా ఇంట్లో కూర్చోకండి. రిలీవ్ చేస్తే, "నా అభ్యంతరానికి భంగం లేకుండా" అని రాసిచ్చి జాయినైపోండి.