భర్త హైదరాబాద్‌లో విడాకుల కేసు వేశాడు, నేను గుంటూరులో ఉంటున్నాను. కేసు ఇక్కడికి మార్చుకోవచ్చా, ఎన్నాళ్ళు పడుతుంది?

మార్చుకోవచ్చు, కానీ దానికి ఢిల్లీ దాకా వెళ్ళాలి. 2019 జనవరి 1కి ముందు రెండు రాష్ట్రాలకీ హైకోర్టు ఒక్కటే కాబట్టి అక్కడ పిటిషన్ వేస్తే సరిపోయేది. హైకోర్టులు విడిపోయాక ఇలాంటి బదిలీ సివిల్ ప్రొసీజర్ కోడ్ 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టే చెయ్యాలి. నీళ్ళ వాటా, ఆస్తుల వాటా అంటూ అంత కొట్టుకున్నారే, కృష్ణకు అటూ ఇటూ వియ్యమందిన కుటుంబాల సంగతి ఒక్కరికైనా గుర్తొచ్చిందా?

మా చెల్లెలిదీ అచ్చం మీ కేసే. బంధువులంతా "మన ఊరికి తెచ్చుకుంటే మనదే పైచేయి" అని ఒకటే పోరు. మేం వినలేదు. బదిలీ పిటిషన్ మీద స్టే వస్తే అసలు కేసు ఎక్కడిదక్కడే ఆగిపోతుంది. నెల తిరిగేసరికి జీతం అందే అతనికి దానివల్ల నష్టమేముంది? ముందు మీరు మెయింటెనెన్స్ (భరణం) సంగతి చూసుకోండి.

అదైనా అంత తేలిగ్గా రాదనుకోండి. హిందూ వివాహ చట్టం 24వ సెక్షన్ కింద వేసిన పిటిషన్‌ను నోటీసు అందిన 60 రోజుల్లో సాధ్యమైనంతవరకు తేల్చాలని చట్టంలోనే ఉంది. ఆ "సాధ్యమైనంతవరకు" ఎలా ఉంటుందో మేం చూశాం. రాత్రి బస్సెక్కి పొద్దున్నే దిగాం. వరండా గోడకు అంటించిన లిస్టులో మా నంబరు ఎక్కడో చివర్న. బెంచీ మీద ఒక్కరికే చోటు, మేనల్లుడు వాళ్ళమ్మ ఒళ్ళోనే నిద్రపోయాడు. అటెండరు పేరు పిలవగానే వాణ్ణి ఎత్తుకుని పరిగెత్తింది, వాడి చెప్పొకటి ఎక్కడో జారిపోయింది. అవతలి సీనియర్ రాలేదు. జూనియర్ కుర్రాడు లేచి "కౌంటర్‌కి టైమ్ కావాలండీ" అన్నాడు, అంటే మా పిటిషన్‌కి జవాబు రాయడానికి గడువు. కిందటి వాయిదాలోనూ అదే మాట. మా లాయరు నోరు తెరిచేలోపే బెంచ్ క్లర్కు తరువాతి కట్ట తీశాడు. బయటికొచ్చి ఆ చెప్పు వెతుక్కున్నాం. తరువాత జడ్జిగారికి బదిలీ అయింది. ఇన్‌ఛార్జి కోర్టంటే తేదీ మార్చడం తప్ప ఇంకేం ఉండదు.

లాయరు ఫీజు వాయిదాల లెక్కన కాకుండా కేసు లెక్కన ఇచ్చే రూలు పెడితే సగం విడాకుల కేసులు ఏడాదిలో తేలిపోతాయి, రాసిపెట్టుకోండి. మా లాయరుతో ఈ మాటంటే నవ్వి ఊరుకున్నాడు.

మీరు చెయ్యాల్సింది చెప్తాను. ముందు అతని పిటిషన్ కాగితాలు తెప్పించి చూడండి. భర్త తానుంటున్న ఊరు కదా అని అక్కడ వేసేస్తే చెల్లదు. పెళ్ళి జరిగిన చోటో, చివరిగా కలిసి కాపురమున్న చోటో, మీరుంటున్న చోటో అయ్యుండాలి. 2003 సవరణ తరువాత తానుంటున్న ఊళ్ళోనే వేసుకునే వీలు భార్యకే ఉంది. ఆ తరువాత గుంటూరులోనే మెయింటెనెన్స్ కేసు వెయ్యండి. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 125, ఇప్పుడు దాని బదులు వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత)లో 144వ సెక్షన్. దీనికి ఢిల్లీ అక్కర్లేదు, రావాల్సింది అతను. పైగా మెయింటెనెన్స్ పిటిషన్ వేసిన తేదీ నుంచే లెక్కగట్టాలని 2020లో రజ్నేశ్ వర్సెస్ నేహా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అంటే అతను అడిగే ప్రతి వాయిదాకీ బాకీ పెరుగుతూనే ఉంటుంది. మా బావ మనసు మారింది కూడా ఆ బాకీ చూశాకే. అప్పటిదాకా పెద్దమనుషుల్ని గుమ్మం ఎక్కనివ్వనివాడు, ఇద్దరం ఒప్పుకుని విడిపోదామని తనే కబురు పంపాడు.

లాయరుకి డబ్బుల్లేకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి. ఆడవాళ్ళకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా ఇస్తారు.

ఎన్నాళ్ళు పడుతుందంటారా, హిందూ వివాహ చట్టం 21బి సెక్షన్ నోటీసు అందిన ఆరు నెలల్లో ముగించే ప్రయత్నం చెయ్యాలంటుంది. మీరు మాత్రం పిల్లల స్కూలు ఫీజులు మూడేళ్ళకి లెక్కేసుకుని పెట్టుకోండి.