ట్రేని ఎక్కడ పట్టాలి, ఎక్కడ వదలాలి

అమ్మాయీ,

నువ్వు పంపిన డ్రాయింగు రెండుసార్లు చూశాను. పైకప్పు మీద కేబుళ్లని మోసే 108 మీటర్ల అల్యూమినియం ట్రే, మధ్యలో ఒక్క వంపు కూడా లేదు. ప్రతి 36 మీటర్లకూ ఒక ఎక్స్‌పాన్షన్ జాయింటు, అంటే ట్రే వేడికి సాగడానికి సందు వదిలే అతుకు, చూపించావు. ఆ 36 నువ్వు వేసిన లెక్క కాదని చూడగానే తెలిసింది. ఏదో స్టీలు ట్రే డ్రాయింగులోంచి దించుకున్నావు కదూ? స్టీలుకైతే అది నడిచేదే. అల్యూమినియం వేడికి స్టీలు కంటే దాదాపు రెట్టింపు సాగుతుంది.

లెక్క కష్టమేం కాదు. ఒక డిగ్రీ సెల్సియస్ పెరిగితే మీటరు పొడవుకు అల్యూమినియం 0.023 మిల్లీమీటర్లు, స్టీలు 0.012 సాగుతాయి. స్టెయిన్‌లెస్ కూడా స్టీలే కదా అనుకోకు, 304 రకం 0.017 సాగుతుంది. చాలామంది తప్పేది డిగ్రీల దగ్గర. గాలి ఉష్ణోగ్రత చూసి సరిపెట్టేస్తారు. ఎండలో మనం చెయ్యి పెట్టలేని రేకు గాలి కంటే ఎంత వేడిగా ఉంటుందో వేరే చెప్పాలా? సాగేది ట్రే కాబట్టి ట్రే ఎంత కాలుతుందో, ఎంత చల్లబడుతుందో అదే చూడాలి. నీ పైకప్పు మీద చలికాలం తెల్లవారుజామున 10 డిగ్రీలు, మండుటెండలో 65 అనుకుందాం. తేడా 55. అంటే 108 మీటర్ల ట్రే మొత్తం మీద 137 మిల్లీమీటర్లు కదలాలి. ఒక్కో జాయింటు 25 మిల్లీమీటర్లు సర్దుకుంటుందంటే, జాయింట్ల మధ్య దూరం 19 మీటర్లు దాటకూడదు. నీ ట్రే ముక్కలు మూడేసి మీటర్లవి కాబట్టి ఆరు ముక్కలకొకటి, 18 మీటర్లకు పెట్టు. చివర ఒకవైపు బెండు (మలుపు ముక్క), రెండోవైపు టీ (T ఆకారంలో చీలే ముక్క) ఉన్నాయి. వాటికి ముందు కూడా ఒక్కో జాయింటు ఉండాలి. లేకపోతే ట్రే నేరుగా వెళ్లి వాటినే నెడుతుంది.

ఇంతవరకూ పుస్తకంలో కూడా దొరుకుతుంది. ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం క్లాంపులు. నీ డ్రాయింగులో ప్రతి సపోర్టు దగ్గరా ఒకే గుర్తు వేసి 'క్లాంపు' అని రాశావు. అలా వెళ్తే సైటులో అన్నీ బిగించేస్తారు. అప్పుడు నువ్వు పెట్టిన జాయింట్లు ఉన్నా లేనట్టే.

నేను ఒకసారి ఇలాగే దెబ్బతిన్నాను. స్టీలు ట్రే, జాయింట్లు లెక్కప్రకారమే పెట్టాం, నేనే చూసి సంతకం చేశాను. మొదటి వేసవిలోనే టీ దగ్గర సైడు రెయిలు, అంటే ట్రే పక్క అంచు, బయటికి ఉబ్బింది, రెండు బ్రాకెట్లు పక్కకి ఒరిగాయి. నిచ్చెనేసుకుని జాయింటు దగ్గరికి వెళ్లి చూస్తే, బిగించిన రోజు ఎంత సందు ఉందో అంతే ఉంది! ఒక్క మిల్లీమీటరు మూసుకోలేదు. రెండు ముక్కల్ని కలిపే జాయింటు ప్లేటు మీద, బోల్టు జారడానికి పొడుగ్గా కోసిన స్లాటు రంధ్రాల చుట్టూ వాషరు రాసుకున్న గీత కూడా లేదు. ఫిట్టరు స్లాటులో బోల్టుల్ని కూడా మిగతావాటిలాగే పట్టుకొద్దీ బిగించాడు, సపోర్టుల మీద క్లాంపులూ అంతే. అతన్ని అనడానికేం లేదు, నట్టు కనిపిస్తే బిగించడమే అతని పని. వదులుగా ఉంచమని డ్రాయింగులో రాయనిది నేను.

బిగబట్టిన లోహం ఎంత బలంగా నెడుతుందో కూడా తెలుసుకో. స్టీలుని కదలకుండా పట్టేసి 40 డిగ్రీలు వేడిచేస్తే చదరపు మిల్లీమీటరుకు 96 న్యూటన్ల ఒత్తిడి పుడుతుంది. సైడు రెయిళ్లు రెండింటి అడ్డుకోత వైశాల్యం కలిపి 600 చదరపు మిల్లీమీటర్లుంటే ఆ నెట్టుడు 5 టన్నుల పైమాటే. నిజానికి అంతదాకా రానే రాదు, ఈలోపే ఏదో ఒకటి వంగిపోతుంది.

అందుకని రెండు రకాల గుర్తులు వెయ్యి. రెండు జాయింట్ల మధ్య ఉన్న 18 మీటర్లలో, నడిమికి దగ్గరగా ఉన్న సపోర్టు దగ్గర మాత్రమే ట్రేని గట్టిగా పట్టాలి. మిగతా అన్ని సపోర్టుల దగ్గరా గైడు క్లాంపులు వాడు. అవి ట్రేని పైకి లేవనివ్వవు, పక్కకి జరగనివ్వవు, పొడవునా మాత్రం జారనిస్తాయి. అప్పుడు ట్రే నడిమి నుంచి రెండు వైపులా సమానంగా సాగుతుంది. ఇక జాయింటు ప్లేటు మామూలు ప్లేటంత బరువు మొయ్యదు, దానికి రెండు పక్కలా 600 మిల్లీమీటర్ల లోపు సపోర్టు ఉండేలా చూడు.

బిగించేరోజు సందు ఎంత పెట్టాలన్నది ఆ గంటకి ట్రే ఎంత వేడిగా ఉందో దాన్ని బట్టి ఉంటుంది. 65లోంచి అప్పటి వేడి తీసెయ్యి, 55తో భాగించి 25తో హెచ్చవెయ్యి. ట్రే 38 డిగ్రీలుంటే 12 మిల్లీమీటర్లు. పొద్దున్నే 20 డిగ్రీలున్నప్పుడైతే 20. ట్రే మీద థర్మామీటరు పెట్టి చూడు, నీడలో వేలాడదీసింది చూడకు. ఆ మందానికి చెక్కముక్క కోయించి సందులో పెట్టి బిగించమను. సాయంత్రం ఆ ముక్కలు లెక్కపెట్టుకుని వెనక్కి తీసుకో. నవ్వకు, ఒక ముక్క లోపలే ఉండిపోయి జాయింటు మూసుకోకపోవడం కళ్లారా చూశాను. స్లాటులో బోల్టులు చేత్తో తిప్పి బిగిస్తే చాలు, ఊడకుండా లాక్‌నట్టు వెయ్యి. బోల్టు తల లోపలికి, నట్టు బయటికి ఉండాలి, లేకపోతే కేబులు గీసుకుంటుంది.

జాయింటు దగ్గర ఎర్తింగు తెగిపోకుండా జంపరు, అంటే రెండు ముక్కల్నీ కలిపే తీగ, వెయ్యాలి. దాన్ని బిగుతుగా లాగి కట్టకు, సందు పూర్తిగా తెరుచుకున్నా ఇంకా వేలాడేంత పొడవు ఉంచు. కేబుళ్లదీ అదే సంగతి. జాయింటుకి అటూ ఇటూ పక్కనే కేబుల్ టైలు (కట్టే పట్టీలు) వేసి బిగించేస్తే ట్రే కదలిక కేబులు మీద పడుతుంది. మూత రేకుల్ని కూడా అక్కడే విడగొట్టు. భవనం ఎక్స్‌పాన్షన్ జాయింటు మీదుగా ట్రే వెళ్తుంటే లెక్క ఏం చెప్పినా సరే, అక్కడ ట్రేకీ జాయింటు ఉండి తీరాలి. నీ డ్రాయింగులో అది కనిపించలేదు, సివిలు వాళ్లని అడుగు.

పని అయ్యాక ఒక పెయింటు మార్కరు తీసుకుని, గైడు క్లాంపులున్న నాలుగైదు సపోర్టుల దగ్గర సైడు రెయిలు మీద నుంచి బ్రాకెట్టు మీదకి ఒకే గీత గియ్యి. జాయింట్లకి దగ్గరగా ఉన్న సపోర్టులైతే మంచిది, కదలిక అక్కడే ఎక్కువ. తెల్లారగానే ఒకసారి, మధ్యాహ్నం రెండింటికి ఒకసారి వెళ్లి చూడు. గీత రెండుగా విడిపోయి ఉంటే ఆ ఫోటోలు నాకు పంపు. ఏ సపోర్టు దగ్గరైనా అతుక్కునే ఉంటే ముందు అక్కడి క్లాంపు వదులు చేయించి, తర్వాత నాకు ఫోన్ చెయ్యి.

మీ బాబాయ్