జపనీస్ యానిమేషన్ సినిమా ‘ఎ సైలెంట్ వాయిస్’ చూశాక దాని మూలమైన మాంగా (జపనీస్ కామిక్) కూడా చదవాలా? ముఖాల మీద ఆ ఇంటూ గుర్తులు ఎందుకు?

తప్పకుండా చదవండి. 7 వాల్యూములు, 62 అధ్యాయాల కథను సినిమాలో రెండు గంటల పది నిమిషాలకు కుదించారు. హీరో ఇషిదా స్నేహితుడు నాగత్సుక అందర్నీ పోగేసి ఓ సినిమా తీసే భాగం తెర మీద లేనే లేదు. అందుకే సినిమా ఆగిన చోట నుంచి కాకుండా మొదటి వాల్యూమ్ నుంచే మొదలుపెట్టండి. పేజీలో కుడి నుంచి ఎడమకు వెళ్లాలి.

ఇక ఇంటూ గుర్తులు. ఇషిదా ఆరో తరగతిలో, చెవులు వినపడని నిషిమియాను ఏడిపిస్తాడు, ఆమె చెవి మిషన్లు పీకి పారేస్తాడు. వాటికి అయిన 17 లక్షల యెన్లు వాళ్లమ్మ కడుతుంది. ఆ తర్వాత క్లాసు మొత్తం అతన్నే వెలివేస్తుంది. హైస్కూలుకు వచ్చేసరికి ఎవరి ముఖంలోకీ చూడలేని స్థితి. అందుకే అతని కళ్లకు చుట్టూ ఉన్నవాళ్ల ముఖాల మీద ఇంటూ గుర్తు కనిపిస్తుంది. చాలామంది ఆ గుర్తును ‘వీళ్లు శత్రువులు’ అని చదువుతారు, అక్కడే పొరపాటు. తప్పు ఎదుటివాళ్లలో లేదు. తలెత్తలేనిది ఇషిదాయే. సైకిల్ గొడవ తర్వాత నాగత్సుక ముఖం మీది గుర్తు ఊడిపడినప్పుడు, మారింది నాగత్సుక కాదని గమనించండి.

మాటల బుడగలు మాత్రమే చదివితే ఈ మాంగా సగమే అందుతుంది. రచయిత్రి యోషితోకి ఓయిమా తల్లి సంజ్ఞా భాష అనువాదకురాలు. అందుకే చేతుల బొమ్మలు అలంకారంగా ఉండవు, అవీ సంభాషణే. వేళ్లు ఎటు తిరిగాయో ఆగి చూడండి.

మూడో వాల్యూములో నిషిమియా జుట్టు పైకి ముడివేసుకుని వచ్చి, సంజ్ఞలు మానేసి నోటితోనే మాట్లాడుతుంది. ఆమె చెప్పేది ‘సుకి’, అంటే ఇష్టం. ఉచ్చారణ స్పష్టంగా లేక ఇషిదాకు ‘త్సుకి’, అంటే చంద్రుడు అని వినిపిస్తుంది. ఆకాశం వైపు చూస్తాడు. అనువాదంలో ఈ శ్లేష పోతుంది కాబట్టి ఈ రెండు మాటలూ ముందే గుర్తుంచుకోండి.

ఆరో వాల్యూములో నిషిమియా వైపు నుంచి నడిచే అధ్యాయం ఉంది. అక్కడ బుడగల్లో అక్షరాలు అరిగిపోయినట్టు, సగం చెరిగిపోయినట్టు కనిపిస్తాయి. ప్రింటు పాడైందనుకుని పేజీ తిప్పేయకండి. ఆమెకు వినపడేది అంతే. పెదాలు చూస్తూ మిగతాది పూరించుకోవాల్సిన పని ఇప్పుడు మనది. ఈ ఒక్క అధ్యాయం కోసమైనా మాంగా చదవాలని నా అభిప్రాయం.

సినిమా స్కూలు ఉత్సవంతో ముగుస్తుంది. మాంగా ఇంకా ముందుకెళ్లి, జపాన్‌లో 20 ఏళ్లకు జరిపే ‘సెయిజిన్ షికి’ వేడుక దాకా సాగుతుంది (చట్టప్రకారం మేజర్ వయసు 2022లో 18కి తగ్గింది, అయినా చాలా ఊళ్లలో వేడుక 20కే). చివర్లో ఒక తలుపు వస్తుంది. అక్కడ ముఖాలతో పాటు చేతులు కూడా చూడండి.