ధర్నా కేసు ఉంటే సర్కారు కొలువు రాదా?

ప్రశ్న: మాది నల్గొండ జిల్లా. మా అబ్బాయి డిగ్రీ ఫైనలియర్. విద్యార్థి సంఘంలో తిరుగుతాడు. ఫీజు రీయింబర్స్‌మెంట్ బకాయిలు ఇవ్వాలని కలెక్టరేట్ ముందు ధర్నా చేస్తే, అతని మీద, ఇంకొందరి మీద కేసు పెట్టారు. కొత్త శిక్షాస్మృతి బీఎన్‌ఎస్‌లోని 189, 126, 223 సెక్షన్లట. గ్రూప్-2 రాయించాలని మా ఆశ. వాడేమో ఒకసారి ఎస్సై అంటాడు, ఒకసారి ఎమ్మే పొలిటికల్ సైన్స్ అంటాడు. కేసుంటే ఉద్యోగం రాదని ఊళ్లో అందరూ భయపెడుతున్నారు. సంఘం మానిపించమంటారా? - ఒక తండ్రి

జవాబు: ఈ కేసు వల్ల మీవాడికి గ్రూప్-2 ఉద్యోగం పోయే అవకాశం తక్కువండీ. కేసు దాచిపెడితే మాత్రం వచ్చిన ఉద్యోగం కూడా పోవచ్చు. ముందు ఈ తేడా ఇంట్లో అందరూ తెలుసుకోవాలి.

మీరు రాసిన సెక్షన్లు చూద్దాం. 189 అంటే చట్టవిరుద్ధంగా గుమిగూడడం, 126 అంటే దారికి అడ్డుపడడం, 223 అంటే అధికారి ఇచ్చిన ఆదేశం పాటించకపోవడం. ధర్నా కేసుల్లో మామూలుగా కనిపించేవే. నన్నడిగితే ముందు చూడాల్సింది 132 ఉందా లేదా అని. విధుల్లో ఉన్న ప్రభుత్వోద్యోగి మీద చెయ్యి చేసుకోవడం లేదా బలప్రయోగం చేయడం కిందికి వస్తుంది అది, బెయిల్ కూడా అంత తేలిక కాదు. తోపులాట జరిగినచోట దాన్ని కూడా చేరుస్తుంటారు. ఎవరో చెప్పింది నమ్మకుండా ఎఫ్‌ఐఆర్ కాపీ తెచ్చుకుని మీరే చదవండి. 223 విషయంలో ఇంకో మెలిక ఉంది. ఆదేశం ఇచ్చిన అధికారో, ఆయన పైఅధికారో రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తే తప్ప కోర్టు దాన్ని విచారణకు తీసుకోకూడదని కేసుల విచారణ పద్ధతి చెప్పే చట్టం బీఎన్‌ఎస్‌ఎస్‌లోని 215వ సెక్షన్ చెబుతోంది. మీ వకీలును ఈ మాట తప్పకుండా అడగండి.

ఇక ఉద్యోగం సంగతి. ఎంపికయ్యాక అటెస్టేషన్ ఫారం ఇస్తారు. ఎప్పుడైనా అరెస్టయ్యారా, కేసు ఉందా, బైండోవర్ చేశారా (అంటే గొడవ చేయనని అధికారి ముందు పూచీకత్తు రాయించుకున్నారా), శిక్ష పడిందా అని అందులో సాధారణంగా అడుగుతారు. ఆ తర్వాత పోలీసు విచారణ ఉంటుంది. పిల్లలు బోల్తా పడేది ఇక్కడే. 'కేసు కొట్టేశారు కదా' అని 'లేదు' అని రాసేస్తారు. స్టేషన్ రికార్డులో మాత్రం అది ఉంటుంది. 2016లో అవతార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ముగ్గురు జడ్జీల బెంచ్ దీని మీద మార్గదర్శకాలిచ్చింది. అడిగిన సమాచారం నిజంగా ఇవ్వాలి, దాచడం ఉద్యోగం తీసేయడానికి కారణం కావచ్చు అంది. అదే తీర్పులో, చిన్న వయసులో నినాదాలు చేసిన కేసులాంటి చిల్లర వ్యవహారాలైతే, దాచినా కూడా అధికారి తన విచక్షణతో చూసీచూడనట్టు వదిలేయొచ్చు అని కూడా ఉంది. నినాదాలనే ఉదాహరణ తీసుకోవడం గమనించండి. కానీ విచక్షణ అధికారిది, మీవాడి హక్కు కాదు. అందుకే దాచొద్దు.

ఎస్సై ఉద్యోగం లెక్క వేరు. పోలీసు శాఖలో చేరేవాడి నడవడి మీద ఎక్కువ పట్టింపు ఉండొచ్చని, రాజీతో కేసు పోయినా సరే శాఖ వద్దనవచ్చని 2013లో మెహర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి కేసు తేలేదాకా ఎస్సై ఒక్కదాని మీదే ఆశలు పెట్టుకోనివ్వకండి. రాస్తే రాయనివ్వండి, చేతిలో ఇంకో దారి మాత్రం ఉండాలి.

కోర్టు దగ్గర మీకు ఒక ఉచిత సలహా దొరుకుతుంది: "పెట్టీ కేసే కదా, తప్పు ఒప్పేసుకుని ఫైను కట్టేయండి, తిరిగే పనుండదు." వినకండి. ఒప్పుకుని ఫైను కట్టడమంటే శిక్ష పడినట్టే. నాలుగు వాయిదాల బాధ తప్పించుకోబోయి, ప్రతి ఫారంలోనూ 'శిక్ష పడిందా' అన్న గడిలో 'అవును' అని రాసుకోవాల్సి వస్తుంది. కేసు కొట్టేయమని హైకోర్టుకు వెళ్లాలా, ఇక్కడే పోరాడాలా అన్నది వకీలుతో మాట్లాడి తేల్చుకోండి. వాయిదాలకు మాత్రం ఎగ్గొట్టకుండా వెళ్లాలి. వారెంటు వచ్చిందంటే చిన్న కేసు కాస్తా పెద్దదై కూర్చుంటుంది. ఈ-కోర్ట్స్ యాప్‌లో కేసు నంబరు కొడితే తర్వాతి వాయిదా తెలుస్తుంది.

మీ ఉత్తరంలో లేని ఇంకో సంగతి. సంఘం పిల్లలకు ముందస్తు అరెస్టులు అలవాటే. మంత్రి వస్తున్నాడంటే తెల్లారకముందే కానిస్టేబుల్ వచ్చి 'సార్ రమ్మంటున్నారు' అంటాడు. స్టేషన్లో ఫోన్ తీసుకుంటారు, టీ ఇస్తారు, సాయంత్రం సంతకం పెట్టించుకుని పంపేస్తారు. పిల్లలకు అది సరదాగా కూడా ఉంటుంది, స్టేటస్‌లో ఫొటో పెట్టుకుంటారు. ఆ సంతకం దేని మీద పెట్టాడన్నదే ప్రశ్న. తహసీల్దారు ముందు బైండోవర్ చేసి ఉంటే అది రికార్డే. మీవాణ్ని కూర్చోబెట్టి ఇలాంటివి ఎన్ని జరిగాయో తేదీలతో సహా ఒక కాగితం మీద రాయించండి. రేపు ఫారం నింపేటప్పుడు జ్ఞాపకం మీద ఆధారపడక్కర్లేదు.

సంఘం మానిపించాలా అన్నారు. నేనైతే మానిపించను. చదువుకునే పిల్లలు రోడ్డెక్కితే 'నీకు కొలువు రాదు' అని బెదిరించడం మనకు తెల్లదొరలు నేర్పిన విద్య. 1907లో స్వాతంత్ర్యోద్యమ నాయకుడు బిపిన్ చంద్రపాల్ వచ్చి మాట్లాడి వెళ్లాక రాజమండ్రి ట్రైనింగ్ కాలేజీలో చదువుతున్న గాడిచర్ల హరిసర్వోత్తమరావును కాలేజీ నుంచి తీసేశారు, సర్కారు ఉద్యోగానికి పనికిరాడన్నారు. 1938లో వందేమాతరం పాడినందుకు ఉస్మానియా నుంచి పంపేసిన విద్యార్థుల్లో పీవీ నరసింహారావు ఒకరు. నాగపూర్ వెళ్లి చదువుకున్నారు. స్వాతంత్ర్యం వచ్చాక పాలకులు మారారు గానీ గుంపులను ఆపే ఆదేశాలు, ముందస్తు నిర్బంధాలు అలాగే ఉండిపోయాయి. గుమిగూడొద్దనే పాత 144 సెక్షన్ ఇప్పుడు బీఎన్‌ఎస్‌ఎస్ 163 అయింది, అంతే. ఇక తమాషా చూడండి: తెలంగాణ గ్రూప్-2 నాలుగో పేపరు మొత్తం రాష్ట్ర ఉద్యమమే, 150 మార్కులు. 1969లో విద్యార్థులు ఏం చేశారో రాస్తే మార్కులేస్తారు, నువ్వేం చేశావో ఫారంలో చెప్పమంటారు.

మానిపించను గానీ ఒక షరతు పెడతాను. సంఘం అతన్ని జెండా మోయడానికే పిలుస్తోందా, ఏమైనా నేర్పిస్తోందా చూడండి. బకాయిల జీవో చదివాడా? సమాచార హక్కు కింద దరఖాస్తు ఒక్కటైనా పెట్టాడా? పెట్టి ఉంటే ఆ అనుభవం ఉద్యోగానికి పనికొస్తుంది. కేసు వచ్చినప్పుడు వకీలు ఫీజు ఎవరిస్తారో కూడా సంఘం పెద్దల్ని ఇప్పుడే అడగమనండి. చాలామంది అక్కడే ముఖం చాటేస్తారు.

చదువు విషయానికొస్తే, వట్టి ఎమ్మే పొలిటికల్ సైన్స్‌కు నేను అంత మొగ్గు చూపను. డిగ్రీ కాలేజీ లెక్చరర్ కావాలంటే నెట్ లేదా సెట్ అనే అర్హత పరీక్ష కొట్టాలి, పోస్టులు ఎప్పుడు పడతాయో తెలియదు. ఇలాంటి కుర్రాడికి లా కోర్సుల ప్రవేశ పరీక్ష లాసెట్ రాసి మూడేళ్ల ఎల్‌ఎల్‌బీ చేయడం బాగా అతుకుతుందని నా అభిప్రాయం. లేదా పబ్లిక్ పాలసీలో పీజీ. పాతికేళ్లలోపు డిగ్రీ ఉన్నవాళ్లకు చట్టసభల పని మీద పరిశోధన చేసే పీఆర్‌ఎస్ సంస్థ నడిపే ల్యాంప్ ఫెలోషిప్ ఉంది, ఒక ఎంపీ దగ్గర పార్లమెంటు పని నేర్పిస్తారు, స్టైపెండ్ ఇస్తారు. ఇంగ్లిష్ బాగా రావాలి, దాని మీద ఇప్పటి నుంచే కూర్చోమనండి.

రాజకీయాల్లోకే వెళ్తానంటే కూడా దారి ఉంది. సర్పంచి, ఎంపీటీసీ పోటీకి 21 ఏళ్లు చాలు, ఎమ్మెల్యేకు 25. అయితే సర్కారు ఉద్యోగంలో చేరాక కండక్ట్ రూల్స్ ప్రకారం పార్టీ పని కుదరదు. ఈ రెండింట్లో ఏది కావాలో డిగ్రీ అయ్యేలోపు అతనే తేల్చుకోవాలి, మీరు తొందరపెట్టకండి.

ఈ వారం మాత్రం ఎఫ్‌ఐఆర్ కాపీ తీసుకుని వకీలును కలవండి. డబ్బు ఇబ్బందైతే జిల్లా కోర్టులోని న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు పెట్టండి. ఎస్సీ, ఎస్టీ కుటుంబాలకు, ఆదాయ పరిమితిలోపు ఉన్న ఇతరులకు అక్కడ ఉచితంగా వకీలును ఇస్తారు.