స్టెయిర్ ప్రభువు గురించి రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

వ్యాసం చదివాను. బాగా కష్టపడ్డావు. కానీ మొదటి పేరాలోనే స్టెయిర్ ప్రభువు జాన్ డాల్రింపుల్‌ని "కర్కోటకుడు" అనేశావు. ఇక పాఠకుడు తేల్చుకోవడానికి ఏం మిగిలింది? ఆ మాట కొట్టెయ్. ఆయన ఏం చేశాడో వరసగా చెప్పు, చాలు.

1687లో జేమ్స్ రాజు కింద స్కాట్లాండ్ లార్డ్ అడ్వకేట్, అంటే ప్రభుత్వ ప్రధాన న్యాయవాది. 1689లో చూస్తే, గద్దె దిగిన ఆ జేమ్స్ కిరీటాన్ని విలియం, మేరీలకు ఇవ్వడానికి లండన్ వెళ్లిన ముగ్గురిలో ఒకడు. దీన్ని అవకాశవాదమని ఒక్క ముక్కలో తేల్చేశావు. తండ్రిని మర్చిపోయావు. స్కాట్లాండ్ న్యాయశాస్త్రానికి పునాది వేసిన పెద్ద జడ్జి ఆయన. హాలండ్‌కి పారిపోయి, 1688లో విలియం వెంట తిరిగొచ్చాడు. కొడుకు ఈ పక్క, తండ్రి ఆ పక్క. ఏ రాజు గెలిచినా ఆ ఇంటికి ఢోకా లేదు! ఇది రాయి, విశేషణం అక్కర్లేదు.

స్కాట్లాండ్ కొండల్లోని గ్లెన్‌కో లోయలో జరిగిన ఊచకోత దగ్గర మాత్రం పరుగెత్తకు. అక్కడి మెక్‌డొనాల్డు వంశం పెద్ద, విలియంకు విధేయత ప్రమాణం చేద్దామని గడువు చివరి రోజు, 1691 డిసెంబర్ 31న, ఫోర్ట్ విలియం వెళ్లాడు. ప్రమాణం చేయించే అధికారం తనకు లేదన్నాడు అక్కడి కల్నల్. ఆ అధికారం ఉన్నవాడి కోసం చలికాలంలో ఇన్వరారీ ఊరి దాకా వెళ్లి, ప్రమాణం చేసేసరికి జనవరి 6 అయింది. జనవరి 11న, అప్పటికి స్కాట్లాండ్ వ్యవహారాల మంత్రిగా ఉన్న డాల్రింపుల్ లండన్ నుంచి ఉత్తరం రాశాడు: గ్లెన్‌కోవాళ్లు ప్రమాణం చేయలేదని ఇప్పుడే తెలిసింది, సంతోషం అని. నువ్వు రెండు పేజీలు పోసిన రక్తం కన్నా ఆ "సంతోషం" ఎక్కువ భయపెడుతుంది. గడువు దాటితే చట్టం ఎవరి చేతికొస్తుందో ఆ లాయరుకి బాగా తెలుసు. ఫిబ్రవరి 13 తెల్లవారుజామున, దాదాపు రెండు వారాలుగా వాళ్ల ఇళ్లలోనే తిని పడుకున్న సైనికులు సుమారు 38 మందిని చంపారు. ఇంకొందరు మంచులోకి పారిపోయి చనిపోయారు. పాపమంతా డాల్రింపుల్ ఒక్కడి నెత్తిన రుద్దకు. వాళ్లను అంతం చేయమని అంతకుముందు జారీ అయిన ఆదేశం మీద పైనా కిందా సంతకం పెట్టింది విలియం రాజు.

పేకలో డైమండ్ తొమ్మిది ముక్కని "స్కాట్లాండ్ శాపం" అంటారు, ఆయన వంశచిహ్నంలోని తొమ్మిది డైమండ్ గుర్తుల వల్లే అని రాశావు. అది జనం చెప్పుకునే కథల్లో ఒకటి. కథ అనే రాయి.

గ్లెన్‌కో మీద 1695 విచారణ తర్వాత మంత్రి పదవి పోయింది, రాజు క్షమాపణ మాత్రం దొరికింది. 1703లో ఎర్ల్ అనే పెద్ద బిరుదు వచ్చింది, 1706లో యూనియన్, అంటే ఇంగ్లండ్, స్కాట్లాండ్‌లను ఒకే రాజ్యం చేసే చర్చల్లో కూర్చున్నాడు. ఇంత త్వరగా ఎలా తిరిగి రాగలిగాడో నీ వ్యాసంలో లేదు. నాకు ఎక్కువ ఆసక్తి అక్కడే.

చివరిగా ఒక తప్పు. యూనియన్ అమల్లోకొచ్చిన సంబరాల్లో ఆయన్ను నిలబెట్టావు. ఆయన 1707 జనవరి 8న చనిపోయాడు, యూనియన్ మే 1న వచ్చింది. ఆ పేరా తీసేసి మళ్లీ పంపు.

ఆశీస్సులతో,
అన్నయ్య