అనుమతితో సాగు చేసిన పొలంపై ప్రతికూల స్వాధీనం వర్తిస్తుందా?

నమస్కారమండి. మీ పెదనాన్నగారు పట్నం వెళ్తూ అప్పగించిన రెండెకరాలను మీ నాన్నగారు ఇరవై ఏళ్లకు పైగా సాగు చేశారని, ఇప్పుడు పెదనాన్నగారి కొడుకులు పొలం అప్పగించమంటున్నారని రాశారు. 1963 నాటి లిమిటేషన్ చట్టం 65వ ఆర్టికల్ ప్రైవేటు భూమిని తిరిగి పొందేందుకు యజమాని దావా వేయడానికి 12 ఏళ్ల గడువు పెట్టిన మాట నిజమే. అయితే ఆ లెక్క మొదలయ్యేది దున్నడం మొదలుపెట్టిన నాటినుంచి కాదు, స్వాధీనం యజమానికి ప్రతికూలంగా మారిన నాటినుంచి, అంటే యజమాని హక్కును కాదని, పొలం తనదేనని బాహాటంగా అనుభవించడం మొదలైన నాటినుంచి. అనుమతితో చేసిన సాగు ఎన్నేళ్లు గడిచినా దానంతటదే హక్కుగా మారదు. మీ కేసులో అసలు చిక్కు ఇదే. ఏటా కౌలు గింజలు పంపి ఉంటే అది వారికే బలమైన సాక్ష్యమవుతుంది.

ఏ తేదీ నుంచి, ఏ విధంగా, వారికి తెలిసేలా ఈ పొలం తనదేనని మీ నాన్నగారు చాటారో దావాలోనే స్పష్టంగా రాయాలి. అడంగల్ నకళ్లు, శిస్తు రసీదులు, బోరు కరెంటు బిల్లులు స్వాధీనాన్ని చూపుతాయే తప్ప ప్రతికూలతను రుజువు చేయవు. వారి నోటీసును తిరస్కరిస్తూ ఆయన ఇచ్చిన పాత జవాబు ఏదైనా ఉంటే ముందు దాన్ని వెతకండి. 2019లో రవీందర్ కౌర్ గ్రేవాల్ కేసులో సుప్రీంకోర్టు ప్రతికూల స్వాధీన హక్కుతో వాదిగా కూడా దావా వేయవచ్చని తేల్చింది కానీ, రుజువు భారం మాత్రం మీదే. అలాంటి కాగితం లేకపోతే, పెద్దమనుషుల సమక్షంలో ధర మాట్లాడుకుని రిజిస్ట్రేషన్ చేయించుకోవడమే మేలని నా అభిప్రాయం.